నాందీ లేని నాటకం

పాత ఆటపెట్టెలకు ప్రాణం పోసే సంగతి ఈ శీర్షికలో రాయవలసి వస్తుందని నేననుకోలేదు. తెలుగు పాఠాలు చెప్పుకునేవాడికి ఈ గొడవ ఎందుకని అడిగేవారుంటారు. అడగనివ్వండి. నెల రోజులుగా మా అక్కయ్యగారింట జరిగిన చర్చంతా దీనిమీదే. పైగా ఈ వ్యవహారంలోకి శాసనాలూ, ఛందస్సూ, పాఠపరిష్కరణా ఒకదాని వెనక ఒకటి వచ్చి కూర్చున్నాయి గనక నాకూ కొంత జాగా వుందని ధైర్యం చేస్తున్నాను.

ఎమ్యులేటరు అని ఒకటుంది. దాన్ని పగటివేషగాడు అనుకోండి, చాలు. ఇవాళ్టి కంప్యూటరు పాతికేళ్ల కిందటి ఆటపెట్టె వేషం కట్టి, అది మాట్లాడినట్టే మాట్లాడి, అది నడిచినట్టే నడిచి, ఆటను నమ్మిస్తుంది. ఆట పాపం తన పాత యజమాని చేతిలోనే వున్నాననుకుని మొదలవుతుంది. అయితే వేషం ఎంత బాగా కట్టినా కొన్ని పెట్టెల విషయంలో ఒక్క వస్తువు మాత్రం అసలువాడి దగ్గరనుంచే తెచ్చుకోవాలి. దాని పేరు బయాస్.

బయాస్ అంటే ఏమిటని మా మేనల్లుణ్ణి అడిగితే వాడు ఇంగ్లీషులో ఏదో చెప్పాడు. నాకు అర్థమైన పద్ధతిలో చెబుతాను. మన పాత నాటకాల్లో తెర లేవగానే దుష్యంతుడు రాడు. ముందు నాంది, తరవాత సూత్రధారుడు. ఆయన వచ్చి, సభ సరిగా కూర్చుందో లేదో చూసి, ఇవాళ ఆడబోయేది ఫలానా నాటకమని చెప్పి, అప్పుడు తప్పుకుంటాడు. సోనీ వారి ప్లేస్టేషను పెట్టెలో (జపానులో 1994 డిసెంబరు 3న, అమెరికాలో 1995 సెప్టెంబరు 9న అమ్మకానికి వచ్చింది) ఈ సూత్రధారుడు ఒక చిన్న చిప్పులో వుంటాడు. మొత్తం 512 కిలోబైట్లు. మీట నొక్కగానే ప్రాసెసరు మొట్టమొదట చూసేది ఆ చిప్పునే. అందులో రాసివున్నట్టు తెరమీద సోనీ బొమ్మ వేస్తుంది, చెవిలో గుయ్యిమనే ఆ సంగీతం వాయిస్తుంది, లోపల డిస్కు వుందా అని చూస్తుంది, వున్న డిస్కు ఈ దేశానికి చెందినదేనా అని అడుగుతుంది. డిస్కు లేకపోతే పాటల సీడీలు వినే చోటూ, మెమరీ కార్డును సర్దుకునే చోటూ అదే చూపిస్తుంది.

ఈ సూత్రధారుడు ప్రస్తావన ముగించి ఇంటికి వెళ్లిపోడు. పెట్టెలో ఆటకున్న పని జాగా రెండు మెగాబైట్లే. అందులో మొదటి 64 కిలోబైట్లు ఈయన తన కింద ఆక్రమించుకుని, తెరపక్కన ప్రాంప్టరులాగా నిలబడతాడు. మెమరీ కార్డులో రాయడంలాంటి పనులకు ఆట తనంతట తాను చెయ్యకుండా ఈయన్నే కేకేస్తుంది. కేక వెయ్యడానికి మూడు గుమ్మాలున్నాయి, వాటికి ఏ0, బి0, సి0 అని పేర్లు. ఆ గుమ్మాల దగ్గర ఎవరూ పలక్కపోతే నటుడు నోరు తెరిచి నిలబడిపోతాడు. ఎమ్యులేటరు “బయాస్ లేదు” అని మొరాయించేది ఇందుకే.

అన్ని పెట్టెలకూ ఈ తద్దినం లేదు. నింటెండో వారి 1983 నాటి ఫామికాముకు సూత్రధారుడే లేడు. కాసెట్టు గుచ్చితే తిన్నగా కథే మొదలు. అదే కంపెనీ 1989లో తెచ్చిన చేతి ఆటపెట్టె గేమ్‌బాయ్‌లో వున్నాడు గాని, మహా పొట్టివాడు. 256 బైట్లు! ఈ వ్యాసంలోని పొడుగు వాక్యం ఒకటి కూడా అందులో పట్టదు. ఆ కాస్తలోనే ఆయన కాసెట్టులోంచి కంపెనీ ముద్రను చదివి, తెరమీద పైనుంచి కిందికి దింపి, తన దగ్గరున్న ముద్రతో పోల్చి, ఒక్క చుక్క తేడా వచ్చినా ఆటను ఆపేస్తాడు. అన్నీ సరిపోతే ఆఖరి ఆజ్ఞ ఒకటి ఇస్తాడు. దాంతో తానే మాయమైపోతాడు. పెట్టె కట్టేసి మళ్లీ పెట్టేవరకు ఆ చిప్పును చదవడం ఏ కార్యక్రమానికీ సాధ్యం కాదు. గదిలోంచి బయటికి వచ్చి, తాళం వేసి, తాళంచెవి మింగేసినట్టు.

మరి దాన్ని ఎట్లా చదివారంటారా? 2003లో ఒక ఔత్సాహికుడు చిప్పు పైపొర వొలిచి, సూక్ష్మదర్శినికింద ఫోటో తీసి, 2048 చుక్కలను కంటితో చూసి, ఇది ఒకటి ఇది సున్న అని ఒక్కొక్కటే రాసుకున్నాడు. ఈ మాట విన్నప్పుడు నేను కుర్చీలోంచి లేచి నిలబడ్డాను. రాతిమీద అరిగిపోయిన అక్షరాలమీద కాగితం అద్ది, దానిమీద మసి పూసి, నీడలను బట్టి ఇది ‘ప’ కాదు ‘వ’ అని తేల్చే శాసన పరిశోధకుడి పని కాక మరేమిటిది? తెలుగు ఎం.ఏ. చదివినవాడికి ఇందులో ఏం పని అన్నవారికి నా జవాబు ఇదీ.

ఇక అక్కయ్యగారింటి సంగతి. మా బావగారు కంపెనీ పనిమీద అమెరికాలో ఒక ఏడాది వుండి 1998లో రాజమండ్రి తిరిగివచ్చారు. వచ్చేటప్పుడు చొక్కాలూ సబ్బులతోపాటు పదేళ్ల కొడుక్కని ఒక ప్లేస్టేషను తెచ్చారు. కొడుక్కని పేరే గాని ఆడింది ఎక్కువ ఆయనే. ‘ఫైనల్ ఫాంటసీ 7’ అని మూడు డిస్కుల ఆట ఒకటి, 1997లో వచ్చినది. పెద్ద కథ. అందులో పాత్రలకు మనకు తోచిన పేర్లు పెట్టుకునే సదుపాయం వుంది. కథానాయకుడికి కొడుకు పేరు పెట్టారు. పిడికిళ్లతో పోరాడే అమ్మాయి ఒకతె వుంటే ఆవిడకు మా అక్కయ్య పేరు పెట్టారు. కుడిచేతికి బదులు తుపాకి వున్న భారీకాయుడు ఒకడున్నాడు, ఊరికే అరుస్తుంటాడు. వాడికి నా పేరు. ఆనాటికి నేను ఎం.ఏ. చదువుతూ రివటలాగా వుండేవాణ్ణి. బావమరిది వరస చూశారూ, అన్ని యుగాల్లోనూ ఇంతే.

అది అమెరికా పెట్టె గనక 120 వోల్టులకు చేసినది. మన ప్లగ్గులో 230. మధ్యలో ఇటిక అంత ట్రాన్స్‌ఫార్మరు ఒకటి పెట్టుకునేవారు. 1999 వేసవిలో ఇంటికొచ్చిన చుట్టాలబ్బాయి ఎవరో ఆ ఇటిక అనవసరమనుకుని తీసి పక్కన పెట్టాడు. టప్పున శబ్దం, కాస్త పొగ, అంతే. ఆటలో మూడో డిస్కు నడుస్తోంది. “తరవాత బాగుచేయిద్దాంలే” అని బావగారు దాన్ని బట్టలో చుట్టి అటకెక్కించారు. ఆ తరవాత పిల్లవాడి చదువులు, ఉద్యోగం. బావగారు 2021లో పోయారు.

మేనల్లుడు ఇప్పుడు హైదరాబాదులో కంప్యూటరు ఉద్యోగం చేస్తున్నాడు. మొన్న సంక్రాంతికి అటక సర్దుతుంటే మూట దొరికింది. పెట్టె, మూడు డిస్కులు, పెట్టెకు గుచ్చి వున్న మెమరీ కార్డు. కార్డులో నాన్నతో ఆడిన ఆట ఆగిన చోటే వుండాలి. వుందా లేదా?

వాడు ముందు సులువుదారి పట్టాడు. ఎమ్యులేటరు దింపాడు. అది బయాస్ అడిగింది. ఆ ఫైలు వూరికే పంచిపెట్టే చోట్లు ఇంటర్నెట్టులో బోలెడున్నాయట. “రెండు నిమిషాల పని మావయ్యా” అన్నాడు.

“ఎవరిదిరా ఆ ఫైలు?” అన్నాను.

“సోనీ వాళ్లదే. అందరూ దింపుకుంటున్నారు.”

“అందరూ సంగతి అలా వుంచు. మీ నాన్న డబ్బిచ్చి కొన్న ఫైలు ఒకటి అటకమీద వుంది గదా. దాన్ని వాడుకోవడానికేం?”

వాడు నన్ను తాతముత్తాతల కాలపువాణ్ణి చూసినట్టు చూశాడు. కాని కంప్యూటరువాడు గనక ఆ ప్రశ్న వాడికి పని కల్పించింది. పని కల్పిస్తే వాళ్లు వదలరు.

న్యాయం ఎటు వుందో చెప్పవలసిన చోటిది. నేను ప్లీడరును కాను, చదివినంత చెబుతాను. 1999 జనవరిలో కనెక్టిక్స్ అనే కంపెనీ మాకింటాషు కంప్యూటరుమీద ప్లేస్టేషను ఆటలు ఆడించే ఎమ్యులేటరు ఒకటి బయటపెట్టింది. సోనీ కోర్టుకెక్కింది. కనెక్టిక్స్ ఇంజనీర్లు సోనీ బయాసును ప్రతి తీసుకుని, దాన్ని శోధించి, అది చేసే పనులు తెలుసుకుని, ఆ పనులన్నీ చేసే మరో బయాసును సొంతంగా రాశారు. అమ్మిన సరుకులో సోనీ రాతలేదు. 2000 ఫిబ్రవరి 10న అమెరికా తొమ్మిదో సర్క్యూటు అప్పీలు కోర్టు, శోధనకోసం మధ్యలో తీసుకున్న ఆ ప్రతులు న్యాయసమ్మతమైన వినియోగమేనని తీర్పు చెప్పింది. ఓడిన సోనీ ఏం చేసిందనుకున్నారు? 2001లో ఆ ఎమ్యులేటరును కొనేసి ఆపేసింది! అదే సోనీ 2018లో పాత పెట్టె ఆకారంలో చిట్టిపెట్టె ఒకటి తయారుచేసి, దాని లోపల ఔత్సాహికులు ఉచితంగా రాసిన ఎమ్యులేటరునే పెట్టి అమ్ముకుంది. కాలం ఎవరినైనా మారుస్తుంది.

అంచేత ఎమ్యులేటరు దొంగసరుకు కాదు. సోనీ రాసిన బయాస్ ఫైలును ఊరందరికీ పంచడం వేరు సంగతి. మన దేశంలో 1957 నాటి కాపీరైటు చట్టం 52వ సెక్షను, న్యాయంగా తన దగ్గరున్న కంప్యూటరు కార్యక్రమాన్ని సొంతానికి, వ్యాపారం కాని పనికి, ప్రతి తీసుకోవడానికి వీలిస్తోంది. నా ప్రశ్నకు ఆ మాత్రం ఆధారం వుందన్నమాట. ఉచితంగా రాసిన బయాసులూ వున్నాయి, సోనీ రాత అక్కర్లేకుండానే చాలా ఆటలు నడుపుతాయి. అయితే కొన్ని ఆటలు వాటితో తికమకపడతాయని మేనల్లుడు అన్నాడు. నాన్న కార్డుమీద ప్రయోగాలు వద్దన్నాడు. అది నాకూ న్యాయంగానే తోచింది.

పెట్టెను మా టీవీ మెకానిక్కు దగ్గరికి తీసుకెళ్లాం. ఆయన మూత విప్పి, అద్దం పెట్టి చూసి, “మేస్టారూ, దొంగ గుమ్మంలోనే పడ్డాడండి, లోపలికి రాలేదు” అన్నాడు. కరెంటు తీసుకునే పలక మాత్రమే మాడింది. చిప్పులున్న పెద్ద పలక చెక్కుచెదరలేదు. ఆయన ఆ భాగం మార్చాడు. ఈసారి ఇటిక పెట్టే ప్లగ్గు చుట్టూ అక్కయ్య ఎర్రదారం కట్టింది.

మేనల్లుడు అప్పుడే కార్డును పెట్టెలోకి గుచ్చబోయాడు. నేను చెయ్యి పట్టుకున్నాను. తాళపత్రం దొరికితే ముందు ప్రతి రాసుకోవాలి, తరవాతే చదవాలి. ఇరవై అయిదేళ్ల కార్డు. పొరపాటున దానిమీద ఏదైనా రాస్తే వున్నది పోతుంది. మా కాలేజీ ఫిజిక్సు విద్యార్థి ఒకడు ఆర్డ్యూనో అనే చిన్న పలకకు నాలుగు తీగలు తగిలించి కార్డు చదివే సాధనం చేసిపెట్టాడు. అందులో బ్యాటరీ లేకుండా అక్షరాలు నిలుపుకునే ఫ్లాష్ చిప్పు వుంటుంది; మొత్తం 128 కిలోబైట్లు, వాడుకకు 15 గళ్లు. మూడుసార్లు చదివించాం. మూడు ప్రతులూ పక్కపక్కన పెట్టి సరిచూశాం. బ్రౌను దొరగారు పండితులను కూర్చోబెట్టి వేరువేరు ప్రతులు సరిచూయించిన పద్ధతే. ఆయనకు పాఠభేదాలు కుప్పతెప్పలుగా దొరికేవి. మాకు ఒక్కటీ రాలేదు.

బయాస్ తియ్యడానికి మరో కొత్త కార్డు కొన్నాం. ఆ బయాస్ మెమరీ కార్డును చదివే తీరులో ఒక లొసుగు వుందనీ, తగిన రాత రాసిన కార్డు గుచ్చితే పెట్టె ఆ రాతలోని కార్యక్రమాన్నే నడుపుతుందనీ 2021లో కొందరు బయటపెట్టారు. ఆ దారిన లోపల ప్రవేశించి, పెట్టె వెనకనున్న సీరియల్ పోర్టుకు తీగ తగిలించి, చిప్పులోని 512 కిలోబైట్లనూ కంప్యూటరులోకి తోడుకున్నాం. నిమిషం పట్టిందో లేదో.

తోడుకున్న ఫైలును ఎక్కడ పెట్టాలన్నది పెద్ద విద్య కాదు గాని, చాలామంది బోర్లా పడేది ఇక్కడే. మా మేనల్లుడు వాడింది రెట్రోఆర్కు. అందులో ప్లేస్టేషను వేషం కట్టే బీటిల్ అనే భాగం, ‘సిస్టం’ అనే ఫోల్డరులో చూస్తుంది, ఇంకెక్కడా వెతకదు. పేరు కూడా అది చెప్పినట్టే వుండాలి. జపాను పెట్టెదైతే ఎస్‌సిపిహెచ్ 5500, అమెరికాదైతే 5501, ఐరోపాదైతే 5502. మధ్యలో ఖాళీ లేదు, చివర చుక్క పెట్టి బిన్, ఇంగ్లీషు అక్షరాలన్నీ చిన్నవే. విండోసు పెద్ద అక్షరాన్నీ చిన్న అక్షరాన్నీ ఒకటిగానే చూస్తుంది. లైనక్సు అలా చూడదు, శకటరేఫకూ మామూలు రేఫకూ తేడా పట్టించుకునే పాతకాలపు పండితుడు అది. విండోసులో మరో చిక్కు: ఫైలు పేరు తోకను అది దాచేస్తుంది. మనం బిన్ అని చేరిస్తే లోపల బిన్ బిన్ అని రెండు తోకలు తయారవుతాయి. చూడ్డానికి అంతా సరిగ్గా వుంటుంది, ఎమ్యులేటరు మాత్రం లేదంటుంది. ‘డక్‌స్టేషను’ అనే మరో ఎమ్యులేటరుకు ఈ పేర్ల పట్టింపు లేదు. అది లోపలి సరుకు చూసి గుర్తుపడుతుంది. నా మట్టుకు ఆ పద్ధతే నచ్చింది.

పరిమాణం సరిగ్గా 5,24,288 బైట్లు వుండాలి. అది తగ్గినా పెరిగినా సరుకు చెడిందన్నమాటే. పరిమాణం సరిపోయినంత మాత్రాన మంచిదనీ కాదు. లోపల ఒక అక్షరం మారితే ఎలా తెలుస్తుంది? దీనికి మనవాళ్లు ఎప్పుడో ఉపాయం కనిపెట్టారు. ఉత్పలమాల పాదంలో ఇరవై అక్షరాలు, పదో అక్షరం యతి, భ-ర-న-భ-భ-ర-వ గణాలు. లేఖకుడు నిద్రమత్తులో ఒక అక్షరం మింగేస్తే గణం విరిగి అక్కడే దొరికిపోతాడు. అయితే గురువు స్థానంలో మరో గురువు రాసేస్తే ఛందస్సు వూరుకుంటుంది. పాఠభేదాలన్నీ అలా పుట్టినవే. కంప్యూటరువాళ్ల ఛందస్సు ఎమ్‌డి5 అని ఒకటి. ఫైలంతా నమిలి 32 అంకెలూ అక్షరాల వరస ఒకటి బయటికి తెస్తుంది. లోపల ఎక్కడ ఒక్క చుక్క మారినా వరసంతా తారుమారు. 5501 బయాసుది 490తో మొదలై 246తో ముగుస్తుంది. మా ఫైలును లెక్కగట్టాం. 32కు 32 సరిపోయాయి.

మేనల్లుడు పకపకా నవ్వాడు. “చూశావా మావయ్యా! నెల్లాళ్లు తంటాలుపడి ఇంటర్నెట్టులో వున్నదాన్నే తెచ్చుకున్నాం.”

మన పెరట్లో కాసిన మామిడికాయకూ గోడ దూకి కోసినదానికీ రుచిలో తేడా వుండదురా అన్నాను. అక్కయ్య వంటింట్లోంచి, “కాయలు కోసింది చాలు, భోజనాలకు రండి” అంది.

భోజనాలయ్యాక ఆ ముగ్గురు డిస్కుల ప్రతినీ పెట్టాడు. బావగారి కార్డు ప్రతికి ఆట పేరే పెట్టి, బీటిల్ కోరే తోక తగిలించి, ‘సేవ్స్’ ఫోల్డరులో వుంచాడు. తెరమీద సోనీ బొమ్మ వచ్చింది. ఆ గుయ్యిమన్న సంగీతం వినగానే అక్కయ్య వత్తులు చేసుకుంటున్నదల్లా తలెత్తింది. “ఇది వినపడితే మీ బావగారు ఇంక పిలిచినా పలికేవారు కాదు” అంది.

కార్డులోని గళ్లు ఒక్కొక్కటే తెరుచుకున్నాయి. మొదటిది ఖాళీ. రెండోది వేరే ఆట. మూడోదానిలో మేనల్లుడి పేరు, పక్కన 41 గంటల 17 నిమిషాలు. వాడు చాలాసేపు మీట నొక్కలేదు. నొక్కాక ఒక ఓడ బల్లమీద ముగ్గురు నిలబడి కనిపించారు.

“మధ్యలో నువ్వురా. ఆ అమ్మాయి నేనే గదా? ఆ దున్నపోతు ఎవర్రా?” అంది అక్కయ్య, కళ్లజోడు సవరించుకుంటూ. పేరు చదివి నావైపు తిరిగి చూసింది.

వాడు ఆ రాత్రి ఆట ముందుకు జరపలేదు. బావగారి గడిని అలాగే వుంచి, నాలుగో గడిలో దానికి ప్రతి ఒకటి తీసి, రేపటినుంచి దాన్ని ఆడతానన్నాడు. అక్కయ్య ఆదివారందాకా ఆగమంది. తనకూ ఒక మీటలపలక కావాలట.